పొట్లం మీద రెండో పేరు

దేదీప్యకి లివర్‌వర్ట్ అంటే ఏమిటో నేర్పింది నేను. ఈ మాట ముందే చెప్పేస్తే తప్ప నాకు ఊపిరాడదు. రెండేళ్ల కిందట మా కమ్మింగ్ ఊరి మొక్కల క్లబ్బులోకి వచ్చినప్పుడు ఆ పిల్లకి నేలమీద పచ్చగా కనబడిందల్లా నాచే. తడి బండకి అతుక్కున్న పచ్చటి నాలుకల్లాంటి వాటిని చూపించి, ఇది నాచు కాదు, లివర్‌వర్ట్ అని చెప్పింది నేను. అలాంటి ఒంటి మీదే సన్నటి కొమ్ములు నిటారుగా మొలిచి ఉంటే అది హార్న్‌వర్ట్ అని చెప్పిందీ నేనే. లెన్స్‌ని కంటికి ఆనించి, మొక్కని దాని దగ్గరికి తేవాలని నేర్పాను. గురువారం గురువారం ఇంటికి పిలిచి, పులిహోర పెట్టి, నా మైక్రోస్కోపులో చూడనిచ్చాను.

అలాంటి నేను, ఏప్రిల్‌లో ఓ శనివారం లైబ్రరీ మీటింగ్ రూంలో, అందరితోపాటు కూర్చుని ఆ వార్త వినాల్సి వచ్చింది.

మా క్లబ్బుకి పెద్ద డాట్ అనే ఆవిడ. రిటైరైన స్కూల్ టీచరు, ఇప్పటికీ చప్పట్లు కొట్టి నోళ్లు మూయిస్తుంది. ఆ రోజు కూడా చప్పట్లు కొట్టి, మన కౌంటీలో నల్ల హార్న్‌వర్ట్ దొరికింది, యూనివర్సిటీ ప్రొఫెసర్ కూడా అవునన్నారు, కనిపెట్టింది మన దేదీప్య అని ప్రకటించింది. గదంతా హోరెత్తింది. నేనూ చప్పట్లు కొట్టాను. నా రెండు చేతులు తప్ప ఇంకేవీ అందులో పాల్గొనలేదు.

నల్ల హార్న్‌వర్ట్ అంటే దాని ఒళ్లు నలుపని కాదు. వీటికి విత్తనాలుండవు, కొమ్ము పండి చీలినప్పుడు స్పోర్లనే సన్నటి పొడి రాలుతుంది. మా వైపు ఎక్కడ చూసినా ఆ పొడి పసుపే. నల్ల పొడి రాల్చే రకం కోసం నేను ఎన్ని పొలాల గట్లు తిరిగానో, ఎన్ని డిచ్‌లలో మోకాళ్ల మీద పాకానో మా ఆయనకి తెలుసు, నా మోకాళ్లకి తెలుసు. మన కౌంటీలో అది ఉండి తీరాలి అని డాట్‌తో మొదట అన్నది కూడా నేనే. ఆ సంగతి ఆ రోజు డాట్‌కి గుర్తు రాలేదు.

అదైనా భరించేదాన్నేమో. తర్వాత తెర మీద పొట్లం ఫొటో వేసింది. మేము ఏ మొక్క తీసినా ఒక కాగితప్పొట్లంలో మడిచి ఆరబెట్టి దాస్తాం. పొట్లం మీద రెండు పేర్లు రాయాలి. మొదటిది తీసినవాళ్లది. రెండోది అది ఫలానా మొక్క అని తేల్చినవాళ్లది. మొదటి పేరు ఎవరిదైనా కావచ్చు, వంగగలిగిన వాళ్లెవరైనా తీస్తారు. రెండో పేరుకి కన్ను కావాలి. ఈ క్లబ్బు పుట్టినప్పటి నుంచి మా పొట్లాలన్నిటి మీదా రెండో పేరు నాదే, వేమూరి కామేశ్వరి. తెర మీద ఉన్న పొట్లానికి పైనా కిందా ఒకటే పేరుంది. దేదీప్య, మళ్లీ దేదీప్య.

ఏకై వచ్చి మేకై కూర్చుంది అనుకున్నాను. నాకు చూపించలేదు. మాట మాత్రంగానైనా చెప్పలేదు. నన్ను దాటి నేరుగా ప్రొఫెసర్ దగ్గరికి వెళ్లింది. మీటింగ్ అయ్యాక నా దగ్గరికి వచ్చి "ఆంటీ..." అని ఏదో మొదలుపెట్టింది. కంగ్రాచ్యులేషన్స్ అని ఇంగ్లీషులో ఒక్క ముక్క పారేసి కారెక్కాను. తెలుగులో ఆ మాట నా నోట రాలేదు.

ఇంటికొచ్చి హ్యాండ్‌బ్యాగ్ బల్ల మీద విసిరేసిన తీరుకే మా ఆయనకి అర్థమైపోయింది. యజ్ఞనారాయణ గారు సివిల్ ఇంజనీరుగా రిటైరయ్యారు. నన్ను ఆటపట్టించడం నుంచి మాత్రం రిటైర్ కాలేదు.

"ఏమిటి, మళ్లీ ఆ దేదీప్యేనా?" అన్నారు.

అంతా చెప్పాను.

"నాచు దగ్గర కూడా ఓర్వలేనితనమా కామేశ్వరీ?"

"నాచు కాదండీ. హార్న్‌వర్ట్."

"సరే, హార్న్‌వర్ట్ దగ్గర కూడానా?"

అవును, ఓర్వలేనితనమే. దానికి ఇంకో పేరు పెట్టి ముద్దు చేయడమెందుకు? ఆ పిల్లకి ముప్పై నాలుగేళ్లు. సాఫ్ట్‌వేర్‌లో తప్పులు పట్టే ఉద్యోగం, ఇంటి నుంచే చేసుకుంటుంది. మధ్యాహ్నం లంచ్ టైంలో డిచ్ దాకా వెళ్లి గొంతుక్కూర్చుని, చటుక్కున లేస్తుంది. నేను కూర్చుంటే లేవడానికి చెట్టో మనిషో కావాలి. అందరూ దాన్ని చుట్టుముట్టి నవ్వుతుంటారు. మొన్న మార్చిలో, క్లబ్బు వాళ్లకి మొక్కలు చూపిస్తూ ఏళ్ల తరబడి నేను నడిపించిన వసంతం వాక్‌ని డాట్ దాని చేతిలో పెట్టింది. "కామీ, నీకు విశ్రాంతి కావాలి కదా" అంది. నేనడిగానా విశ్రాంతి?

ఆ రాత్రి పడుకున్నానే గానీ ఆలోచన ఒక్కటే. ప్రొఫెసర్‌కి ఫొటోలు పంపి ఉంటుంది, ఫొటోల్లో పొరపాట్లు ఎన్ని జరగవు? పసుపు రకం కొమ్ము బాగా పండి మురిగితే కొన నల్లబడుతుంది, కొత్తవాళ్లు దాన్ని చూసి మోసపోతారు. అదే జరిగి ఉంటుందని నమ్మాను. నమ్మడానికి నాకు ఆధారాలేమీ అక్కర్లేకపోయింది.

ఆ చోటు డాట్ చెప్పింది కాబట్టి నాకు తెలుసు. మా పార్క్‌లో మన కుర్రాళ్లు వారాంతం లీగ్ ఆడుకునే క్రికెట్ గ్రౌండ్ పక్కన, పిచ్ తడిపిన నీళ్లు జారిపోయే డిచ్. ఆదివారం పొద్దున మా ఆయనే డ్రైవ్ చేశారు. ఆయన కారులో కూర్చుని పేపర్ చదువుకుంటానన్నారు. నేను మోకాళ్లకి ప్యాడ్లు కట్టుకుని, చేతికర్ర పక్కన పడేసి, బౌండరీ అవతల బురదలోకి దిగాను. మ్యాచ్ మంచి పట్టులో ఉన్నట్టుంది, ఒకటే అరుపులు. బంతి కోసం పరిగెత్తుకొచ్చిన ఓ బొద్దుపాటి మనిషి నన్ను చూసి ఆగిపోయాడు.

"ఆంటీ, ఏమన్నా పడిపోయిందా? ఉంగరమా? వెతకమంటారా?"

"ఏం పడిపోలేదు నాయనా, నీ బంతి అదుగో" అన్నాను. వాళ్ల టీం వాళ్లంతా అతన్ని తిడుతున్నారు, ఈలోగా నాలుగు పరుగులు అయిపోయాయి.

కనిపించాయి. తడి మట్టి మీద రూపాయి బిళ్లంత పచ్చటి మచ్చలు, వాటి మీద సూదుల్లా కొమ్ములు. చాలా ఉన్నాయి. బాగా పండిన కొమ్ములున్న ఒక మచ్చని చాకు కొనతో లేపి పొట్లంలో మడిచాను. లేవడానికి మా ఆయన్ని పిలవాల్సి వచ్చింది.

"అంత దూరం వచ్చి ఒక్కటేనా? ఇంకో రెండు తీసుకోరాదూ?" అన్నారు చెయ్యందిస్తూ.

"అన్నం ఉడికిందో లేదో తెలియడానికి ఒక్క మెతుకు చాలదుటండీ" అన్నాను.

ఇంటికి వచ్చి చేతులు కూడా సరిగ్గా కడుక్కోకుండా మైక్రోస్కోపు ముందు కూర్చున్నాను. ముప్పై ఏళ్లు పెథాలజిస్టుగా గాజు పలకల మీద మనుషుల రోగాలు చూసిన చేతులివి. కొమ్ము కొన తుంచి, నీటిబొట్టులో చిదిపి, అద్దం కప్పి చూశాను. పసుపు. ఆవగింజంత అనుమానం లేకుండా పసుపు. మళ్లీ చూశాను, ఇంకో కొమ్ము చిదిపి చూశాను. నాకు కలిగిన ఆనందం ఎలాంటిదో చెప్పడానికి సిగ్గేస్తుంది గానీ, మా అబ్బాయి మెడిసిన్‌లో సీటు తెచ్చుకున్న రోజు కూడా అంత తేలిగ్గా మెట్లు దిగలేదు.

"ముఖం వెలిగిపోతోంది. ఎవరి కొంప మునిగింది?" అన్నారు మా ఆయన.

క్లబ్బులో అందరికీ కాపీ పెట్టి డాట్‌కి మెయిల్ రాశాను. ఎంత మర్యాదగా రాశానో! కొత్తవాళ్ల ఉత్సాహం మెచ్చుకోదగ్గదే, పొరపాట్లు సహజం, నేను స్వయంగా ఆ చోటికి వెళ్లి తీసి చూశాను, ఇది మనందరికీ తెలిసిన పసుపు రకమే, ఇకముందు పొట్లాలు బయటికి పంపేముందు అనుభవం ఉన్నవాళ్లకి చూపించడం మంచిది అని. ఆ చివరి వాక్యం నాలుగు సార్లు దిద్దాను, కుట్టినట్టు తెలియకుండా కుట్టాలి కదా. మా ఆయన కళ్లజోడు పైకి జరుపుకుని మొత్తం చదివారు.

"అడుసు తొక్కనేల, కాలు కడగనేల. ముందు ఆ పిల్లకి ఫోన్ చేసి అడగరాదూ?"

"అది నన్ను అడిగిందా?" అని సెండ్ నొక్కేశాను.

డాట్ జవాబు వెంటనే వచ్చింది, "అయ్యో. దేదీప్యా?" అని. దేదీప్య నుంచి ఏమీ రాలేదు. సోమవారం సాయంత్రం దాకా ఫోన్ పక్కనే పెట్టుకుని ఆ నిశ్శబ్దాన్ని చక్కెరలా చప్పరించాను.

సాయంత్రం కాలింగ్ బెల్ మోగింది. దేదీప్యే. చెప్పులు బయట విప్పి, లోపలికొచ్చి, మా ఆయనకి నమస్తే అంకుల్ అని, నా ముందు నిలబడింది. నిద్ర లేని ముఖం. చేతిలో ఒక చిన్న డబ్బా, తడి టిష్యూలో పెట్టిన మొక్క.

"కూర్చో" అన్నాను. తప్పు ఒప్పుకోవడానికి వచ్చినవాళ్లని కూర్చోబెట్టే మర్యాద నాకుంది.

కూర్చోలేదు. "ఆంటీ, మీరు డిచ్‌లో ఎటువైపు తీసిండ్రు?" అంది. హనుమకొండ పిల్ల, కంగారుపడితే ఇంటి యాస బయటికొస్తుంది.

"గ్రౌండ్ వైపు గట్టు మీద. ఏం?"

"అటు ఉన్నయన్నీ పసుపువే ఆంటీ. నల్లవి కిందికున్నయి, నీళ్లకాడ. కొన్నిచోట్ల రెండూ కలిసిపోయి ఉన్నయి. అంచు చూస్తే తెలుస్తది, నల్లదాని అంచు కుచ్చుల్లెక్క ఉంటది. మీరే చెప్పిండ్రు కదా, ఒకచోట రెండు రకాలు కలిసి ఉండొచ్చు, ఒక్కటి తీసి చూస్తే సరిపోదని."

చెప్పాను. కొత్తగా వచ్చిన ప్రతి ఒక్కరికీ మొదటి రోజే చెప్తాను.

డబ్బా అందుకున్నాను. మైక్రోస్కోపు ముందు నా కుర్చీలో కూర్చున్నాను. అక్కడ ఒకటే కుర్చీ ఉంటుంది, ఎప్పుడూ నేను కూర్చుంటాను, దేదీప్య పక్కన నిలబడుతుంది. కొమ్ము కొన చిదిపి చూశాను. నలుపు. ముళ్లు ముళ్లుగా, మిరియం పొడిలా నలుపు. ఇన్నేళ్లూ నేను పాకిన డిచ్‌లన్నిటిలో దొరకనిది నా బల్ల మీద, ఇంకొకరు తెచ్చి పెడితే, కనిపించింది. ఎంత అందంగా ఉందో. అంత అందంగా ఉన్నందుకు ఏడుపొచ్చింది.

అయినా లొంగలేదు. కన్ను తీయకుండానే అడిగాను. "మరి నాకెందుకు చూపించలేదు? నన్ను దాటుకుని ప్రొఫెసర్ దగ్గరికి పరిగెత్తాల్సినంత పరాయిదాన్నయిపోయానా?"

తల తిప్పి చూశాను. దేదీప్య నేల చూస్తోంది.

"మీకే ఫస్ట్ చూపించిన ఆంటీ" అంది. "మార్చిలో. వాక్ గురించి డాట్ నాతోని మాట్లాడిన వారం. ఆ గురువారం తెచ్చిన. మీరు చూసి, పసుపుదే, పారెయ్ అన్నరు."

గుర్తొచ్చింది. పొట్లం విప్పాను గానీ కొమ్ము చిదపలేదు. లెన్స్ కూడా పెట్టలేదు. వసంతం వాక్‌కి ఏ దారిలో వెళ్దామని అది ఉత్సాహంగా అడుగుతుంటే, వినలేక, ఆ పొట్లాన్ని రెండు వేళ్లతో పక్కకి తోశాను.

"పొట్లం మీద మీ పేరే రాసుకున్న, మీరు చెప్పినట్టే పసుపు రకమని. కానీ పారెయ్యబుద్ధి కాలేదు. ఇంట్లో మళ్లీ చూసేసరికి నల్లగ ఉంది. నాకే తప్పు కనబడుతుందేమో అనుకున్న. అందుకే ప్రొఫెసర్ సార్‌కి పంపిన. తప్పయితే నా ఒక్కదాని పేరే పోతది కదా అని, మీ పేరున్న పొట్లం చింపేసి కొత్తది మడిచి రెండు చోట్లా నా పేరు రాసిన. ఆయన అవునన్నంక మీకు చెప్దామని శనివారం వచ్చిన. మీరు కారెక్కి వెళ్లిపోయిండ్రు."

మా ఆయన హాల్లో టీవీ శబ్దం తగ్గించారు. ఆ మనిషి అంత మర్యాదగా వింటున్నందుకు ఇంకా ఒళ్లు మండింది.

నా పేరు కాపాడటానికి నా పేరు చింపేసింది. ఇలాంటి మంచితనాన్ని ఏం చేసుకోను? అది కాస్త పొగరుబోతుదైతే నాకు ఎంత హాయిగా ఉండేది! కానీ అప్పటికే ఇంకో భయం పట్టుకుంది. పెథాలజిస్టుకి ఒక్క పలక తప్పిందంటే, ఆ వారం చూసిన పలకలన్నీ మళ్లీ తీయమంటారు.

"ఇదొక్కటేనా?" అన్నాను.

అది డబ్బాకి మూత బిగించడం మొదలుపెట్టింది.

"దేదీప్యా. ఇంకెన్ని?"

"నాలుగు" అంది చివరికి. "కార్‌లో ఉన్నయి. చెప్పాలా వద్దా అని రోజూ వెంట తిప్పుకుంటున్న."

నాలుగు. నా కళ్లు పోతున్నాయన్నమాట అనుకున్నాను. నిజం చెప్పాలంటే ఆ ఆలోచనలో కొంచెం ఊరట కూడా ఉంది. కళ్లు పోతే ఎవరూ తప్పుపట్టరు, జాలిపడతారు. "ఎవరెవరివి?" అని అడిగాను. "డాట్ తెచ్చినవా?"

"కాదాంటీ. వాళ్లవన్నీ కరెక్టే ఉన్నయి. భయమేసి అన్నీ చెక్ చేసిన, మిగతావాళ్లవి ఒక్కటి కూడా తప్పు లేదు. అన్నీ..." ఆగిపోయింది. "అన్నీ నేను తెచ్చినవే. మార్చి నుంచి ఇటు. నేనే సరిగ్గ తియ్యట్లేదేమో ఆంటీ, ముక్కలు పాడుచేసి తెస్తున్ననేమో."

అది నిజంగానే అలా అనుకుంటోంది. ముఖం చూస్తే తెలుస్తోంది. తప్పులు పట్టడమే ఉద్యోగమైన పిల్ల, ఈ తప్పు ఎక్కడుందో పట్టలేకపోయింది. నాకు క్షణం పట్టలేదు. నా కళ్లకి ఏ రోగమూ లేదు. డాట్ తెచ్చినవి కనబడ్డాయి, అందరూ తెచ్చినవీ కనబడ్డాయి. ఈ పిల్ల తెచ్చినవి మాత్రమే నాకు కనబడలేదు.

చెప్పాలా? నీ చేతుల్లో ఏ లోపమూ లేదు, నువ్వంటే నాకు కుళ్లు అని? డెబ్బై నాలుగేళ్ల వయసులో ఆ వాక్యం ఎలా మొదలుపెట్టాలో నాకు తెలియలేదు.

"నువ్వు బాగానే తీస్తున్నావు" అన్నాను. "నేనే చూడలేదు. చూడాలనిపించక చూడలేదు. అర్థమైందా?"

అర్థమైందో లేదో గానీ కళ్లనిండా నీళ్లు పెట్టుకుంది. అది చూసి నాకేం జాలి కలగలేదు. ఏడ్చినా బాగుంటుంది, దిక్కుమాలిన పిల్ల అనుకున్నాను.

"వెళ్లి ఆ నాలుగూ తీసుకురా."

తెచ్చింది. నాలుగు పొట్లాలు, నాలుగింటి మీదా దాని గుండ్రటి దస్తూరీలో రెండో పేరు నాది. డాట్‌కి రాయాల్సిన మెయిల్ ఒకటుంది, అందరికీ కాపీ పెట్టి. అది మర్యాదగా రాయడం నిన్నటి దానికన్నా కష్టం. ముందు ఈ పని కానివ్వాలి అనుకున్నాను. బల్ల అంచు పట్టుకుని కుర్చీలోంచి లేచాను.

"కూర్చో" అన్నాను.

"అయ్యో వద్దాంటీ, మీరు..."

"కూర్చోమన్నానా? నువ్వు చూసి పేరు చెప్పు. నేను రాస్తాను."

దేదీప్య కుర్చీ అంచున కూర్చుంది. మొదటి పొట్లం విప్పి, ఎండిన ముక్క మీద నీటిబొట్టు వేసి, అది మెల్లగా పచ్చబడి విచ్చుకునేదాకా ఆగింది. అలా ఆగమని నేర్పింది నేను. తర్వాత కన్ను ఆనించి, ఫోకస్ తిప్పి, ఊపిరి బిగబట్టి చూసి, పేరు చెప్పింది. నేను పక్కన నిలబడి కొత్త పొట్లం మడిచి రాశాను. మొక్క పేరు, చోటు, మొదటి పేరు దేదీప్య. రెండో పేరు దగ్గరికొచ్చేసరికి నా కడుపులో మంట ఇంకా అలాగే ఉంది, ఒక్క పిసరు తగ్గలేదు. దేదీప్య అని రాశాను. పెన్ను ఎంత గట్టిగా నొక్కానో, కాగితం చిరిగి కింద బల్ల కనబడింది.

దాన్ని ఉండ చుట్టి పారేసి, ఇంకో కాగితం తీసుకుని మడవడం మొదలుపెట్టాను.